గుల్లల చౌడరు

వంటను గూర్చి ప్రసంగమనగానే మన పెద్దలలో కొందఱు చిఱునవ్వు నవ్వుదురు. వంటయింటి సంగతులు మనకేల యని వారి తలంపు. కాని యొక దేశమువారు ఏమి తినుచున్నారు, దాని నెక్కడనుండి తెచ్చుకొనుచున్నారు, దానిని చెడిపోకుండ నెట్లు కాపాడుకొనుచున్నారు అను మూడు ప్రశ్నలకు జవాబు తెలిసినచో ఆ దేశపు చరిత్ర కొంత తెలిసినట్లే. అందుచేత నేడు మీకు అమెరికా దేశపు ఈశాన్యతీరమున నివసించువారి వంటక మొకదానిని గూర్చి చెప్పదలచినాను. దాని పేరు చౌడరు. సముద్రపు గుల్లలలోని మాంసముతోను, ఉర్లగడ్డలతోను, నీరుల్లితోను, పాలమీగడలతోను వండెడు చిక్కని వంటకమిది. మాంసము ముట్టని వారు మనలో ననేకులు కలరు. వారు దీనిని వండుకొనవలెనని నేను చెప్పను. అయినను తుదివఱకు వినుడని ప్రార్థించుచున్నాను. ఈ కథలో పొయ్యికి సంబంధించిన భాగ మెంత కలదో, ఊరుమ్మడి నీటికి సంబంధించిన భాగమును అంతే కలదు.

మొదట రూపము చెప్పెదను. చౌడరు మన పులుసువలె పలుచన కాదు. కూరవలె గట్టి కాదు. రాగిజావ కొంచెము చిక్కగా కాచినచో నెట్లుండునో అట్లుండును. రంగు మీగడ రంగు. గరిటెతో తీసినచో నాలుగు ఉర్లగడ్డ ముక్కలు, రెండు గుల్లమాంసపు ముక్కలు కనబడవలెను. కారము లేదు, మిరియాల పొడి మాత్రము చల్లుదురు. పులుపు లేనేలేదు. రుచి యంతయు గుల్లలోని ఉప్పునీటినుండియు, పాలలోని కమ్మదనమునుండియు వచ్చును. మంచు కురిసెడి చలికాలపు సాయంకాలమున సముద్రమునుండి తడిసి వచ్చినవానికి ఇది యొక్క గిన్నెడు చాలును. దానితో భోజనము ముగిసినట్లే.

ఇది పుట్టిన చోటును న్యూ ఇంగ్లండు అందురు. అమెరికా సంయుక్తరాష్ట్రములలో మెయిను, న్యూ హాంప్‌షైరు, వెర్మాంటు, మసాచుసెట్సు, రోడ్ ఐలండు, కనెక్టికట్టు అను ఆఱు రాష్ట్రములకు అది ఉమ్మడి పేరు. వీనిలో వెర్మాంటుకు తప్ప తక్కిన యైదింటికిని సముద్రతీరము కలదు. బోస్టను నగరపు రేవున ఆటుకును పోటుకును నీటిమట్టములో సుమారు 9, 10 అడుగుల భేదముండును. ఆటు వచ్చినప్పుడు నీరు దూరముగ తొలగిపోయి విశాలములైన బురదపఱ్ఱలు బయటపడును. మన తీరమున మడయడవుల కాలువల దగ్గఱ చూచినవారికి ఈ దృశ్యము క్రొత్త గాదు. ఆ బురదలోను, ఇసుకలోను గుల్లలు పూడుకొని బ్రదుకుచుండును. వానిని త్రవ్వి తీయుటకు పడవ యక్కఱలేదు, వల యక్కఱలేదు. ఇనుపపండ్లు గల దంతె యొకటి, బుట్ట యొకటి, చలికి ఓర్చుకొను వెన్నెముక యొకటి యున్న చాలును.

అక్కడి గుల్లలలో రెండు జాతులు ముఖ్యమైనవి. ఒకటి మెత్తని, పలుచని చిప్ప గలది. అది బురదలో లోతుగ నుండి, పొడవైన గొట్టమువంటి అవయవమును పైకి చాచి నీటిని పీల్చుకొనును. రెండవది దళసరి చిప్ప గలది. దానిని కోహాగు అందురు. ఇది యాంగ్లేయుల మాట కాదు. వారికి పూర్వమే అక్కడ నివసించుచున్న నారగాన్సెట్టు జనుల భాషనుండి వచ్చిన మాట. చిన్నవానిని పచ్చిగనే తినువారు కలరు. నడితరమువానిని కాల్చుకొందురు. మూడంగుళములును అంతకు మించియు నున్న ముదురు గుల్లలు నమలుటకు గట్టివి. కాని వానిలో రుచి యధికము. అట్టివానికి అంగళ్లలో ‘చౌడరు గుల్లలు’ అనియే పేరు. సన్నగా తఱిగి చౌడరులో వేయుటకు అవియే తగినవి. ముదిరిన పశువును చులకన చేసినట్లు ముదిరిన గుల్లను అక్కడివారు చులకన చేయరు.

కోహాగు చిప్పలో లోపలిప్రక్క ఒక అంచున ఊదారంగు మచ్చ యుండును. ఆ భాగమును చెక్కి, బెజ్జము వేసి, పూసలుగ చేసి నారగాన్సెట్టు మొదలగు తీరప్రాంతపు జనులు దండలు గ్రుచ్చెడివారు. సంధి కుదుర్చుకొనునప్పుడును, మృతులకొఱకు దుఃఖము తెలుపునప్పుడును ఆ దండలను ఇచ్చిపుచ్చుకొనెడివారు. 17వ శతాబ్దమున ఇంగ్లండునుండి వచ్చిన వలసవారికి వెండినాణెములు చాలకపోగా, వారీ పూసలనే ద్రవ్యముగ చెల్లించుకొనిరి. 1758లో లిన్నేయసు అను స్వీడను దేశపు ప్రకృతి శాస్త్రవేత్త ఈ గుల్లకు నామకరణము చేయుచు, వేతనము అను నర్థము గల లాటిను మాటనుండి దాని పేరు కల్పించెను. గవ్వలు కాసులుగ చెల్లిన దేశమువారము గనుక ఈ సంగతి మనకు వింత కాదు.

ఇక చౌడరు అను పేరును విచారింతము. ఫ్రెంచి భాషలో పెద్ద వంటకాగునకు షోడియేరు అని పేరు. దానినుండియే యీ మాట వచ్చినదని పెక్కురు పండితుల యభిప్రాయము. పాత్రపేరు పదార్థమునకు వచ్చినదన్నమాట. ఉత్తర అట్లాంటికు సముద్రములో చేపలు పట్టు నావికులకు ఓడలో దొరకునవి మూడే: ఉప్పువేసి నిలువచేసిన పందిమాంసము, రాయివలె గట్టియైన ఓడబిస్కత్తులు, అప్పుడు పట్టిన చేపలు. వీనిని కాగులో వరుసలుగ పేర్చి, నీరు పోసి ఉడికించెడివారు. 1751వ సంవత్సరము సెప్టెంబరు మాసమున బోస్టనులోని యొక వార్తాపత్రికలో చౌడరు చేయు విధానము పద్యరూపమున అచ్చయినది. అచ్చులో దొరకిన చౌడరు విధానములలో అదియే మిక్కిలి పాతది. అందు నీరుల్లి, పందిమాంసము, చేప, బిస్కత్తు కలవు. పాలు లేవు, ఉర్లగడ్డలు లేవు, గుల్లలును లేవు.

మఱి యవి యెప్పుడు వచ్చినవి? ఓడవంట యొడ్డుకు చేరి ఇల్లాండ్ర చేతిలో పడిన తరువాత మార్పులు కలిగినవి. పొలములో ఉర్లగడ్డ పండసాగినంతట బిస్కత్తుకు బదులుగ అది ప్రవేశించెను. ఇంట ఆవు పాడి కలిగినంతట పాలు ప్రవేశించెను. చేప దొరకని దినమున గుల్లలు ఆ స్థానము నాక్రమించెను. 1851లో వెలువడిన ‘మోబీ డిక్’ అను ప్రసిద్ధ నవలలో హెర్మను మెల్విల్లు నాంటకెట్టు ద్వీపములోని యొక పూటకూళ్ల యింటను గూర్చి వ్రాయుచు, చౌడరు పేర నొక ప్రకరణమునే కేటాయించెను. అక్కడ గుల్లల చౌడరు, చేపల చౌడరు అను రెండే భోజనములు! 1896లో బోస్టను వంటపాఠశాలకు అధ్యక్షురాలైన ఫానీ ఫార్మరు ప్రకటించిన గ్రంథములో గుల్లలు, ఉర్లగడ్డలు, పాలు మూడును ఒక్క పాత్రలో చేరియున్నవి. ఆ నాటికి వంటకము నేటి రూపమును పొందినదని చెప్పవచ్చును.

న్యూయార్కువైపు పాలకు బదులుగ టొమేటోపండ్లు వేసి ఎఱ్ఱగ వండెడు చౌడరు కలదు. న్యూ ఇంగ్లండు వారికి అది సరిపడదు. గోంగూరలో ఏమి వేయవలెను, ఏమి వేయకూడదు అని రెండు జిల్లాలవారు వాదించుకొనుట మీరెఱుగుదురు గదా. అక్కడ ఆ వాదము శాసనసభ వఱకు పోయినది. 1939లో మెయిను రాష్ట్ర శాసనసభయందు ఒక సభ్యుడు గుల్లల చౌడరులో టొమేటో వేయుటను నిషేధింపవలెనని బిల్లు ప్రతిపాదించెను. అది చట్టము కాలేదు. అయినను వారి పట్టుదలలో కొంత న్యాయము కలదు. టొమేటోలో పులుపు కలదు. పులుపు తగిలిన పాలు విఱుగును. కనుక ఎఱ్ఱనిదైనను కావలెను, తెల్లనిదైనను కావలెను. రెండును ఒక కుండలో ఇమడవు.

పాలు విఱుగుట యన్నంతట నా స్వానుభవము జ్ఞప్తికి వచ్చుచున్నది. ఒక చలికాలమున మసాచుసెట్సు తీరములో ఒక వృద్ధురాలి యింట కొన్నాళ్లు బసచేసియుంటిని. ఆమె వడ్డించిన చౌడరును రెండు పర్యాయములు భుజించి, ఇందులో నేమున్నది, నేనును చేయగలనని తలంచితిని. ఆమె పొరుగూరికి పోయిన దినమున గుల్లలు, గడ్డలు, పాలు అన్నియు నొక్కమాఱు పాత్రలో పోసి, పెద్దమంట పెట్టి తెర్లకాచితిని. పాలు విఱిగి పైన తరకలు, అడుగున నీరు నైనవి. గుల్లమాంసము చెప్పుతోలువలె సాగినది. పైగా ప్రతి కబళములో ఇసుక! ఆమె వచ్చి చూచి, నవ్వి, “నాయనా, నీవు అన్నియు వేసితివి, వ్యవధి నొక్కదానిని వేయలేదు” అనెను. ఆ సాయంకాలమే నన్ను ప్రక్కన నిలువబెట్టుకొని మరల వండి చూపెను. ఆమె చూపిన క్రమమునే మీకు వివరించెదను.

ఆఱుగురికి రెండు డజనుల ముదురు గుల్లలు కావలెను. గుల్ల సజీవముగ నుండవలెను. ఇది మొదటి నియమము. బ్రదికియున్న గుల్ల మూతి బిగించుకొనియుండును. కొంచెము తెఱచియున్నదానిని వ్రేలితో తట్టినచో వెంటనే మూసికొనవలెను. మూయనిదానిని, చిప్ప పగిలినదానిని పాఱవేయవలెను. చచ్చిన గుల్ల త్వరగ చెడును. ఎంత వండినను దానిని తినరాదు. ఇంటికి తెచ్చినవానిని మంచినీటిలో నానవేసి యుంచకూడదు. ఉప్పునీటి ప్రాణికి మంచినీరు మృత్యువు. గాలి సోకనీయక మూతబిగించినను చచ్చును. తడిగుడ్డ కప్పి చల్లనిచోట నుంచుట మేలు. వండుటకు ముందు చిప్పలను ముతకకుంచెతో తోమి కడుగవలెను. మెత్తచిప్ప జాతిదైనచో లోపల ఇసుక యధికముగ నుండును గనుక, దానిని ఉప్పునీటిలో కొన్ని గంటలుంచి ఇసుకను కక్కింపవలెను.

తరువాత పెద్ద పాత్రలో అర లీటరు నీరు పోసి మరుగనిచ్చి, గుల్లలు వేసి మూత పెట్టవలెను. ఎనిమిది పది నిమిషములలో ఆవిరికి చిప్పలు ఒక్కొక్కటిగ విచ్చుకొనును. విచ్చినదానిని విచ్చినట్లు తీయుచుండవలెను. అన్నియు తెఱచుకొనువఱకు అన్నిటిని ఉంచినచో ముందు తెఱచినవి గట్టిపడును. ఎంతసేపటికిని తెఱచుకొననిదానిని పాఱవేయుదురు. ఇప్పుడు పాత్రలో మిగిలిన నీరు చూడుడు. గుల్లలు లోపల దాచుకొన్న సముద్రపు రసమంతయు అందులో దిగినది. చౌడరునకు ప్రాణమదియే. దానిని పాఱబోసినవాడు చెఱకు పిండి రసము పాఱబోసి పిప్పి దాచుకొన్నవానితో సమానుడు. ఆ రసమును పావుగంట కదలింపక తేఱనిచ్చి, మెల్లగ వంచి, పలుచని బట్టలో వడియగట్టవలెను. అడుగున మిగిలిన నాలుగు గరిటెల రసమును ఆశపడక వదలివేయవలెను. ఇసుక యంతయు నందే యుండును. మాంసమును చిప్పలనుండి తీసి, చిన్నచిన్న ముక్కలుగ తఱిగి ప్రక్కన నుంచవలెను.

దళసరి అడుగు గల వేఱొక పాత్రలో, ఉప్పువేసి నిలువచేసిన పందిమాంసము సుమారు 100 గ్రాములు సన్నని ముక్కలుగ కోసి, చిన్నమంటపై ఉంచుదురు. దానిలోని క్రొవ్వు మెల్లగ కరగి, ముక్కలు కరకరలాడును. ముక్కలను తీసి దాచి, ఆ క్రొవ్వులో పెద్ద నీరుల్లిగడ్డ నొకదానిని తఱిగి వేసి, రంగు మాఱకుండ మెత్తబడువఱకు వేయింతురు. పందిమాంసము వలదనువారు వెన్నతోనే యీ పని జరుపుకొందురు. దానివలన వంట చెడదు. పిమ్మట చెక్కు తీసి అర అంగుళపు ముక్కలుగ కోసిన ఉర్లగడ్డలు సుమారు 700 గ్రాములు వేసి, అవి మునుగునంత గుల్లరసము పోసి, చిన్నమంటపై పావుగంట ఉడికింపవలెను. గడ్డలు మెత్తబడినంతట కొన్ని ముక్కలను గరిటె వెనుకప్రక్కతో పాత్ర యంచునకు నొక్కి చిదుపవలెను. వానిలోని పిండిపదార్థము రసములో కలిసి చిక్కదనము కలిగించును. భోజనశాలలలో గోధుమపిండి దండిగ కలిపి, చెంచా నిలువుగ నిలుచునంత గట్టిగ చేయుదురు. ఇంటివంటలో అంత యక్కఱలేదు. కావలెనన్నచో నీరుల్లి వేగునప్పుడే రెండు చెంచాల పిండి చల్లి పచ్చివాసన పోవువఱకు వేయించిన చాలును.

ఇప్పుడు మంట తగ్గింపవలెను. నేను తప్పిన చోటు ఇదియే. వేఱొక చిన్నపాత్రలో అర లీటరు పాలును, పావు లీటరు మీగడయు కలిపి, పొగలు వచ్చునంత వేడిచేసి, మరుగకముందే దించి సిద్ధముగ నుంచవలెను. చౌడరులోని తుకతుక ఆగిన తరువాత ఆ వేడిపాలను సన్నని ధారగ పోయుచు కలుపవలెను. కట్టకడపట గుల్లముక్కలను వేసి, రెండు మూడు నిమిషములు వేడి తగులనిచ్చి దించవలెను. పాలు పోసిన తరువాత ఒక్క పొంగైనను రానీయకూడదు. ఉప్పును చివర రుచి చూచిన పిమ్మటనే వేయవలెను. గుల్లరసములోను, పందిమాంసములోను ఉప్పు మునుపే కలదు. పెక్కుమాఱులు వేఱుగ ఉప్పు వేయనక్కఱయే కలుగదు.

దీనికి కారణము తెలిసికొన్నచో క్రమము మఱవకుండును. పాలలో కేసీను అను మాంసకృత్తు కంటికి కనబడని సన్నని రేణువులుగ నీటిలో తేలుచుండును. ఉప్పు, కొద్దిపాటి పులుపు, అధికమైన వేడి ఈ మూడును కూడినప్పుడు ఆ రేణువులు ఒకదానికొకటి అంటుకొని తరకలగును. మీగడలో క్రొవ్వు హెచ్చు, మాంసకృత్తు తక్కువ. కావున అది పాలకంటె నిలుకడగలది. ఉర్లగడ్డ పిండియు రేణువులను అంటుకొననీయక అడ్డుపడును. చల్లనిపాలను మరుగుచున్న రసములో గ్రుమ్మరించినను విఱుగుటకు అవకాశము కలదు. ఇక గుల్లమాంసము కండరము. వేడికి కండరము ముడుచుకొని లోని నీటిని వదలును. అది ఆవిరిలో ఒకమాఱు ఉడికియే యున్నది. మరల నుడికించినకొలది గట్టిపడును. అందుచేతనే గడ్డలు మొదట, పాలు పిమ్మట, గుల్లలు తుదకు.

దించిన చౌడరును ఆమె వెంటనే వడ్డింపలేదు. మూతవేసి పొయ్యి యంచున అరగంట వెచ్చగ నుంచెను. ఈ విశ్రాంతిలో ఉప్పు గడ్డలలోనికి, గుల్లరుచి పాలలోనికి చేరును. మన పులుసు పూట గడచిన తరువాత రుచించుట లేదా, అట్లే. కాని పాలును గుల్లయు కలిసిన పదార్థము గనుక గంటల తరబడి బయట నుంచరాదు. మఱునాటికి నిలుపదలచినవారు త్వరగ చల్లార్చి శీతలపు పెట్టెలో నుంచి, మరల మెల్లని మంటపై, మరుగకుండ వెచ్చజేసికొందురు. వడ్డించునప్పుడు కరకరలాడు మాంసపు ముక్కలు, మిరియాల పొడి, చిన్న వెన్నముద్ద పైన వేసి, ప్రక్కన గుండ్రని ఉప్పు బిస్కత్తులు పెట్టుదురు. పూర్వము కాగులో పేర్చిన ఓడబిస్కత్తునకు ఇవి వారసులు.

వంట ముగిసినది. ఇక నేను మొదట చెప్పిన నీటి సంగతి. ఆ యవ్వ చేపల యంగడికి పోయినప్పుడు వెల యడుగకముందు అడిగిన ప్రశ్న, “ఇవి యే నీటివి?” అని. అంగడివాడు సంచికి కట్టిన చీటిని చూపెను. ఎవరు, ఏ తేదీన, ఏ తావునుండి తీసిరో దానిమీద వ్రాసియుండును. అట్టి చీటిలేని గుల్లలను అమ్ముట నేరము. సంచి కాళీయైన పిదపను ఆ చీటిని 90 దినములు భద్రపఱుపవలెనని నిబంధన.

ఇంత జాగ్రత్త యెందుకు? గుల్ల నోటితో వెదకి తినదు. తనచుట్టునున్న నీటిని ఎడతెగక పీల్చి, వడియగట్టి, అందులోని సూక్ష్మపదార్థములను ఆహారముగ గ్రహించును. నీరు శుద్ధమైనచో గుల్ల శుద్ధము. నీటిలో ఊరి మురుగు కలిసినచో రోగబీజములు దాని కడుపున కూడుకొనును. 1924 చివరను, 1925 ఆరంభమునను న్యూయార్కు, షికాగో, వాషింగ్టను మొదలగు నగరములలో ఆల్చిప్పల మూలమున సన్నిపాతజ్వరము, అనగా టైఫాయిడు, వ్యాపించి సుమారు 1,500 మంది జబ్బుపడిరి. 150 మంది వఱకు మరణించిరి. నాటినుండియే గుల్లలు పెరుగు నీటిని పరీక్షించుట, చీటీలు కట్టుట మొదలగు ఏర్పాటులు దేశమంతట అమలులోనికి వచ్చినవి.

రోగబీజములు బాగుగ ఉడికించిన చచ్చును. ఉడికించినను పోని విషమొకటి కలదు. కొన్ని ఋతువులలో సముద్రజలమున అతిసూక్ష్మమైన యొక జాతి నాచు విపరీతముగ పెరుగును. దానిని ఎఱ్ఱపోటు అందురు గాని నీరు ఎఱ్ఱబడకయు నది యుండవచ్చును. ఆ నాచును పీల్చిన గుల్లకు బాధ యేమియు కానరాదు. రంగు మాఱదు, వాసన మాఱదు. దానిని తిన్నవానికి పెదవులు, వ్రేళ్లు తిమ్మిరెక్కును. మోతాదు హెచ్చైనచో ఊపిరితీయు కండరములు స్తంభించి ప్రాణాపాయము కలుగును. దానికి విఱుగుడు మందు లేదు. ఊపిరి నిలుపు యంత్రముతో కాపాడుటయే చికిత్స. 1972లోను, మరల 2005లోను ఇది న్యూ ఇంగ్లండు తీరమున తీవ్రముగ వ్యాపింపగా అధికారులు తీరమును మూసివేసిరి. ప్రభుత్వ పరీక్షకులు గుల్లల మాంసమును తెచ్చి పరీక్షింతురు. 100 గ్రాముల మాంసములో విషము 80 మైక్రోగ్రాములకు, అనగా గ్రాములో పదివేలవవంతు కంటెను తక్కువైన ఆ మాత్రమునకు చేరినచో, త్రవ్వుట నిలుపుదురు. మన దేశమునకు ఇది పరాయి ముచ్చట కాదు. 1981లో తమిళనాడులోని వాయలూరున గుల్లలు తిని ముగ్గురు మరణించిరి. పలువురు వైద్యశాలల పాలైరి.

మసాచుసెట్సులో 1641లోనే ఒక శాసనము వెలసినది. సముద్రపు ఆటుపోటులు సాగునంతవఱకు, తన గ్రామపు పొలిమేరలో, ప్రతి గృహస్థునకును చేపలు పట్టుకొను స్వాతంత్ర్యము కలదని దాని సారాంశము. గుల్లలు త్రవ్వుకొనుటయు ఆ హక్కులోనిదే యని తరువాత న్యాయస్థానములు తీర్మానించినవి. హక్కు గలచోట కాపుదలయు నుండవలెను గదా. అందుచేత తీరపుటూళ్లు తమతమ పఱ్ఱలను తామే కాచుకొనుచున్నవి. ఊరివారు అనుమతిపత్రము పుచ్చుకొని త్రవ్వవలెను. ఊరు నియమించిన కావలివాడు ఇనుప కొలత చేతబట్టి తిరుగుచుండును. కోహాగు ఒక అంగుళపు మందమైన లేనిచో, అనగా కొలతలోని రంధ్రముగుండ జాఱిపడినచో, దానిని మరల బురదలో పెట్టివేయవలసినదే. ఆ యవ్వయు నొకనాడు తన బుట్టలోని చిన్నదానిని తీసి బురదలో పాతిపెట్టుచు, “ఇది నా మనుమరాలి గుల్ల” అనెను. నేనా మాటను మఱవలేదు.

శ్రోతలారా! మన కాకినాడ అఖాతములోను, గోదావరీముఖమునందలి కాలువలలోను గుల్లలు విస్తారముగ కలవు. వానిని ఏరి జీవించు కుటుంబములు కలవు. ఆ చిప్పలను కాల్చి చేసిన గుల్లసున్నము ఎన్ని యిండ్ల గోడలను తెలుపు చేసినదో మీరెఱుగుదురు. మనము చౌడరు వండుకొనకపోవచ్చును. కాని గుల్ల యెక్కడనున్నను నీటిని పీల్చియే బ్రదుకును. మనము కాలువలోనికి విడిచినదానిని తన కడుపున దాచి మరల మనకే యిచ్చును. ఊరి మురుగు ఏ కాలువలోనికి దిగుచున్నది, ఆ కాలువ యెక్కడ సముద్రమును కలియుచున్నది, అక్కడ ఎవరు గుల్లలు ఏరుకొనుచున్నారు అని విచారించు పని వంటయింటివారిది కాదు, ఊరిపెద్దలది. ఆ యవ్వ అంగడిలో నడిగిన ప్రశ్ననే మీరును మీ గ్రామసభలో నొకమాఱు అడిగి చూడుడు: ఇవి యే నీటివి?